ఆటగాడు - చెడిన పూట కూలి
(మన సంఘం ఉగాది సభలో చేసిన ప్రసంగ పాఠం)



పంచాంగ శ్రవణం అయింది, పద్యాలు విన్నాము. ఇంతలో ఒక రైల్వే గుమాస్తా లేచి ఆటల గురించి మాట్లాడటం మీకు కొంచెం వింతగా వుండవచ్చు. నేను పండితుణ్ణి కాను. నా చదువు మెట్రిక్‌తో ఆగింది. కార్యదర్శిగారు పిలిచి, "మన కుర్రవాళ్ళ చెడుగుడు జట్టు గురించి నాలుగు మాటలు చెప్పు నాయనా" అన్నారు. ఆ నాలుగు మాటలు చెప్పడానికే ఒక దూరదేశపు చరిత్ర ఎత్తుకొంటున్నాను. ఇంగ్లండు ఉత్తర భాగంలో గని కూలీలూ, మిల్లు కూలీలూ నడుపుకొన్న రగ్బీ క్లబ్బుల చరిత్ర అది. ఆ దేశం ఎక్కడ, మన నాగరగెరె ఎక్కడ అని మీరు అడగవచ్చు. కొంచెం ఓపిక పట్టి వింటే ఆ చుట్టరికం మీకే తెలుస్తుంది.

ముందు మన ఆట సంగతి చూద్దాం. నాగరగెరె, గౌరిబిదనూరు, బాగేపల్లి, చింతామణి వైపు నుంచి వచ్చిన మనవాళ్ళలో చిన్నప్పుడు చెడుగుడు ఆడని మగవాడు అరుదు. ఎండిన చెరువులోనో, పంట ఎత్తేసిన కళ్ళంలోనో కాలితో నాలుగు గీతలు గీస్తే బరి సిద్ధం. బ్యాటు కొననక్కరలేదు, బంతి కొననక్కరలేదు. ఇంట్లో తెలుగు, బడిలో కన్నడం మాట్లాడిన పిల్లలకు బరిలోకి దిగిన తర్వాత కూత ఒక్కటే భాష. అందుకే చెడుగుడు పేదవాడి ఆట అని అందరూ అంటారు.

నిజమే, ఆటకు ఖర్చు లేదు. కాని ఆటగాడికి ఖర్చు వుంది. ఊళ్ళో వున్నప్పుడు ఇది మనకు కనబడలేదు. పంట ఇంటికి వచ్చాక పని తక్కువ. ఆడితే అడిగేవాడు లేడు. పట్నం వచ్చిన తర్వాత పూటపూటకూ ధర కట్టి వుంటుంది. కట్టడం పనికి పోయేవాడు ఒకరోజు మానితే ఆ రోజు కూలి లేదు. బట్టల ఫ్యాక్టరీలో పనిచేసే పిల్ల శనివారం సెలవు అడిగితే జీతంలో కోత. గూడ్సు షెడ్డులో మూటలు మోసేవాడికి సెలవు అనే మాటే లేదు. మన జట్టులో ఒక అబ్బాయికి పోయిన ఏడాది ఆటలో మడమ బెణికి మూడు వారాలు పని పోయింది. ఆ మూడు వారాలూ వాళ్ళమ్మ చేబదుళ్ళతో ఇల్లు నడిపింది. ఇప్పుడు ఆ అబ్బాయి పందెం జరిగే చోటికి చూడటానికి కూడా రావడం లేదు. ఆట మీద ప్రేమ తగ్గి కాదు, ఇంటి అద్దె గుర్తుకు వచ్చి.

సరిగ్గా ఈ చిక్కే నూటముప్పై ఏళ్ళ క్రిందట ఇంగ్లండు ఉత్తరాన యార్క్‌షైరు, లాంకషైరు జిల్లాలలో వచ్చింది. అక్కడ బొగ్గు గనులు, నూలు మిల్లులు, ఉన్ని మిల్లులు, ఓడరేవులు. 1850లో వచ్చిన ఫ్యాక్టరీ చట్టం వల్ల బట్టల మిల్లులలో ఆడవాళ్ళకూ పిల్లలకూ శనివారం మధ్యాహ్నం 2 గంటలకు పని ఆగిపోయేది. వాళ్ళు లేకుండా మిల్లు నడవదు కాబట్టి మగవాళ్ళకూ ఆ పూట విడుపు దొరికింది. దొరికిన సగం రోజులో వాళ్ళు కోడిగుడ్డు ఆకారపు బంతి చంకన పెట్టుకొని రగ్బీ ఆడారు. అది ముందు గొప్పవాళ్ళ బడులలో పుట్టిన ఆట. ఉత్తరాన అది వాడవాడల ఆట అయింది. చర్చి పేరున ఒక జట్టు, గని పేరున ఒక జట్టు, సారాయి అంగడి వెనక గదిలో బట్టలు మార్చుకొనే జట్టు మరొకటి. 1877లో యార్క్‌షైరు కప్పు పెట్టేసరికి ఊరికీ ఊరికీ పోటీ ముదిరి, జనం వేలకొద్దీ వచ్చి చూడసాగారు.

ఇక్కడే తగువు మొదలైంది. పెద్ద పందేనికి దూరం పోవాలంటే శనివారం ఉదయం పని కూడా మానాలి. గనివాడు ఒక పూట మానితే కూలి పోతుంది. ఆ కూలి క్లబ్బు ఇవ్వవచ్చునా? "బ్రోకెన్ టైమ్" అని దానికి వాళ్ళు పెట్టిన పేరు. మన మాటలో చెడిన పూట కూలి అనుకొందాం. ఆటకు జీతం అడగలేదు సుమండీ! ఆట వల్ల పోయిన కూలి మాత్రమే అడిగారు. 1893లో లండనులో రగ్బీ యూనియను మహాసభ జరిగినప్పుడు యార్క్‌షైరువాళ్ళు ఈ తీర్మానం పెట్టారు. అనుకూలంగా 136 ఓట్లు, వ్యతిరేకంగా 282 ఓట్లు వచ్చి తీర్మానం ఓడిపోయింది. ఆట అనేది ప్రేమకొద్దీ ఆడేది, డబ్బు ముట్టుకొంటే మైల పడుతుంది అని దక్షిణాది పెద్దల వాదం. వాళ్ళకు భూములున్నాయి, వ్యాపారాలున్నాయి. శనివారం ఆడినా ఆదివారం నిద్రపోయినా వాళ్ళ ఇంట్లో పొయ్యి ఆరదు. ఆ నియమం అందరికీ ఒకటే, కాని దాని బరువు మాత్రం అందరి మీదా ఒకటిగా పడలేదు.

చివరికి 1895 ఆగస్టు 29న హడర్స్‌ఫీల్డు పట్నంలో, రైల్వే స్టేషను పక్కనే వున్న జార్జి హోటలులో ఉత్తరాది క్లబ్బులవాళ్ళు సమావేశమై రగ్బీ యూనియనుకు రాజీనామా ఇచ్చి, నార్దరన్ యూనియను అని వేరే సంస్థ పెట్టుకొన్నారు. మొదటి ఏడాదే 22 క్లబ్బులు ఆడాయి. చెడిన పూటకు రోజుకు 6 షిల్లింగులకు మించకుండా ఇవ్వవచ్చునని నియమం చేశారు. 1898లో జీతాన్ని ఒప్పుకొన్నప్పుడు కూడా, ఆటగాడికి వేరే సక్రమమైన పని ఒకటి వుండి తీరాలని షరతు పెట్టారు. ఆ షరతు 1905 దాకా నడిచింది. ఆట కోసం పని మానరాదు, పని కోసం ఆట చావరాదు అన్నది వాళ్ళ ఆలోచన.

ఆటను కూడా తమకు తగినట్టు మార్చుకొన్నారు. 1906లో జట్టుకు 15 మందికి బదులు 13 మందిని చేశారు. పడగొట్టిన ఆటగాడు లేచి నిలబడి, బంతిని కాలితో వెనక్కు నెట్టి ఆట సాగించే పద్ధతి పెట్టారు. 1922లో సంస్థ పేరు రగ్బీ ఫుట్‌బాల్ లీగు అయింది. తర్వాత చాలా ఏళ్ళకు, 1972లో, ఒక జట్టు ఆరుసార్లు పట్టుబడేలోగా పని ముగించుకోవాలి, లేకపోతే బంతి అవతలివాళ్ళకు ఇవ్వాలి అనే నియమం వచ్చింది. మన కూతకు 30 సెకండ్ల గడువు వున్నట్టే వాళ్ళకు ఆరు పట్ల గడువు. ఎదటివాడు కాళ్ళకూ నడుముకూ చుట్టుకొంటే ఈడ్చుకొంటూ గీత దాకా పోవడం వాళ్ళకూ వుంది, మనకూ వుంది.

వేరుపడ్డందుకు వాళ్ళకు శిక్ష పడింది. నార్దరన్ యూనియను ఆట ఆడినవాడిని, ఒక్క కాసు తీసుకోకపోయినా సరే, రగ్బీ యూనియను క్లబ్బులు బహిష్కరించేవి. ఈ అంటరానితనం జీతం లేని ఆటగాళ్ళకు 1987 దాకా తొలగలేదు. చిత్రమేమంటే, డబ్బు మైల అన్న ఆ యూనియను ఆటే 1995 ఆగస్టులో జీతాన్ని ఒప్పుకొన్నది. జార్జి హోటలు సమావేశానికి అప్పటికి సరిగ్గా వందేళ్ళు!

ఇంతవరకు పెద్ద క్లబ్బుల సంగతి. నేను మీకు ముఖ్యంగా చెప్పదలచింది చిన్న క్లబ్బుల సంగతి. విగను, లీడ్సు వంటి పెద్ద క్లబ్బులు జీతాలిచ్చే స్థితికి వచ్చాక వాటికి ఆటగాళ్ళు ఎక్కడి నుంచి వచ్చారు? వాడల జట్ల నుంచే. విగనులో సెయింట్ పాట్రిక్ చర్చి వాళ్ళు 1910లో పెట్టిన క్లబ్బు ఇప్పటికీ వున్నది. యార్క్‌షైరులో షార్ల్‌స్టన్ అనే గని పల్లె నుంచి నీల్ ఫాక్సు వచ్చాడు. ఆయన తన ఆట జీవితంలో 6,220 పాయింట్లు సంపాదించాడు. ఆ ఆటలో అంతకు మించినవాడు లేడు. పల్లెలో పుట్టిన ఆటగాడు పట్నం క్లబ్బుకు పోతాడు. పేరు పట్నానికి వస్తుంది. పల్లె క్లబ్బు మళ్ళీ ఇంకొక పిల్లవాడిని తయారు చేస్తూ కూర్చుంటుంది.

దానికి డబ్బు ఎక్కడిది? గని ఊళ్ళలో ఒక మంచి ఏర్పాటు వుండేది. 1920లో వచ్చిన చట్టం ప్రకారం గనిలో తీసిన ప్రతి టన్ను బొగ్గు మీద ఒక పెన్నీ పక్కన పెట్టి, దానితో కూలీలకు సభాభవనాలు, స్నానపు గదులు, ఆటస్థలాలు కట్టించేవారు. టన్నుకు ఒక పెన్నీ అంటే ఏపాటిది? కాని రోజూ పడే చుక్కే కదా కుండ నింపేది!

అయినా కాలక్రమాన చిన్న క్లబ్బులు వాడిపోయాయి. పెద్ద లీగువాళ్ళకు జీతగాళ్ళ ఆట మీదే చూపు. 1973 నాటికి జీతం లేని జట్లు నూటయాభైకి లోపే మిగిలాయని, బాలుర జట్లు ముప్పై మాత్రమేనని లెక్క చెబుతారు. అప్పుడు ఆ హడర్స్‌ఫీల్డులోనే కొందరు సామాన్యులు కూడి, బ్రిటిష్ అమెచ్యూర్ రగ్బీ లీగు అసోసియేషన్ అని తమ సంఘం తాము పెట్టుకొన్నారు. మొదట లీగువాళ్ళు దీన్ని ఒప్పుకోలేదు. మరుసటి ఏడాది ఒప్పుకోక తప్పలేదు. తర్వాత బడులలో జట్లు, వాడలలో జట్లు తిరిగి లేచాయి. 1986లో దేశమంతటి అమెచ్యూర్ క్లబ్బులకూ ఒక పోటీ ఏర్పడింది. 1984-85 గని సమ్మె తర్వాత గనులు ఒకటొకటిగా మూతబడి, 2015లో చివరి పెద్ద గని కూడా మూతబడింది. లీ పట్నంలో ఒక క్లబ్బు పేరు నేటికీ లీ మైనర్స్ రేంజర్స్. గనులు పోయినా గనివాళ్ళ పేరు క్లబ్బులో మిగిలింది.

ఇక మన దేశానికి వద్దాం. చెడిన పూట ప్రశ్నకు మనవాళ్ళు వేరే జవాబు కనిపెట్టారు. ఆటగాడికి డబ్బు ఇవ్వలేదు, ఉద్యోగం ఇచ్చారు. హైదరాబాదు సిటీ పోలీసు ఫుట్‌బాల్ జట్టు 1950 నుంచి 1954 దాకా వరుసగా అయిదేళ్ళు బొంబాయి రోవర్స్ కప్పు గెలిచింది. ఆ జట్టుకు గురువు సయ్యద్ అబ్దుల్ రహీం మొదట బడిపంతులు. ఆయన శిక్షణలోనే భారత జట్టు 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్సులో నాలుగో స్థానానికి వచ్చింది. మా రైల్వేలదీ అదే దారి. ఉడిపి జిల్లా పల్లె నుంచి వచ్చిన మమతా పూజారి దక్షిణ మధ్య రైల్వేలో ఉద్యోగం చేస్తూ కబడ్డీ ఆడి, 2010లోనూ 2014లోనూ ఆసియా క్రీడలలో బంగారు పతకం గెలిచిన జట్లలో వున్నది. రైల్వేవాడిగా ఇది చెప్పుకోవడానికి నాకు గర్వంగా వుంది.

మన కబడ్డీ సంస్థ 1950లో పుట్టింది. 1972లో ఏర్పడిన ఫెడరేషను పేరులోనే అమెచ్యూర్ అనే మాట వున్నది. 1990లో బీజింగు ఆసియా క్రీడలలో కబడ్డీకి పతకాల ఆటగా చోటు దొరికింది. 2014లో ప్రో కబడ్డీ వచ్చింది. 2023 వేలంలో మన తెలుగు టైటన్స్ జట్టు పవన్ సెహ్రావత్‌ను 2 కోట్ల 60 లక్షల 50 వేల రూపాయలకు తీసుకొన్నది. సంతోషమే. ఎండిన చెరువులో పుట్టిన ఆటకు అంత వెల వచ్చిందంటే ఎవరికి చేదు?

కాని చూడండి. పైన కోట్ల వేలం, మధ్యన ఉద్యోగపు కోటా, క్రింద ఏమీ లేదు. ఉద్యోగం రావాలంటే ముందు రాష్ట్రపు జట్టులో ఆడాలి. రాష్ట్రపు జట్టులోకి రావాలంటే అయిదారేళ్ళు వాడ జట్టులో ఆడాలి. ఆ అయిదారేళ్ళూ పోయే కూలి ఎవరు ఇస్తారు? అక్కడే మన పిల్లలు రాలిపోతున్నారు. ఆడి ఓడిపోయి కాదు, అసలు ఆడకుండానే.

మనలో కొందరు పెద్దలు, "డబ్బు ఇస్తే ఆట చెడుతుంది, కుర్రవాళ్ళు చెడతారు" అంటారు. వారి భయాన్ని నేను తోసిపుచ్చను. గెలిచినందుకు డబ్బు ఇవ్వడం వేరు, పోయిన కూలి పూడ్చడం వేరు. ఇదే మాట 1893లో లండను సభలో ఓడిపోయింది. వందేళ్ళ తర్వాత ఓడించినవాళ్ళే దానిని దాటి ఇంకా ముందుకు పోయారు. మనం కూడా వందేళ్ళు ఆగాలా?

కాబట్టి సంఘం ముందు నా మనవి ఒకటి పెడుతున్నాను. మన సభ్యత్వపు చందాలో నెలకు ఇంటికి పది రూపాయలు వేరుగా జమకట్టి, చెడిన పూట నిధి అని ఒక పద్దు తెరవండి. పందెం రోజున పని పోయిన ఆటగాడికి ఆ పూట కూలి మాత్రం ఇద్దాం, ఒక్క పైసా ఎక్కువ వద్దు. ఆటలో దెబ్బ తగిలితే మందులకూ, పనికి పోలేని రోజులకూ చేతనైనంత ఇద్దాం. ఆడపిల్లల జట్టుకూ ఇదే లెక్క వర్తించాలి. పద్దు పుస్తకం ప్రతి ఉగాదికీ ఈ వేదిక మీదే చదివి వినిపించాలి. గుమాస్తా పని నాకు అలవాటే గనుక, ఆ పుస్తకం వ్రాసే పని నేను ఒప్పుకొంటాను.

టన్నుకు ఒక పెన్నీ చొప్పున వాళ్ళు ఆటస్థలాలు కట్టుకొన్నారు. ఇంటికి పది రూపాయల చొప్పున మనం ఒక జట్టును నిలుపుకోలేమా? ఈ మాట మీద వచ్చే కార్యవర్గ సమావేశంలో ఓటు తీసుకోవలసిందని అధ్యక్షులవారిని కోరుతున్నాను.