వామన గుంటలు ఆడుకుందాం
(స్త్రీల కార్యక్రమంలో చేసిన ప్రసంగం)



వామన గుంటల పీట మీలో చాలామంది ఇళ్లల్లో ఉండే ఉంటుంది. అటక మీదో, లేకపోతే హాల్లో షోకేసులోనో. పీట అయితే ఉంది, మరి ఆట ఉందా? అదే ఈ పూట మీతో ముచ్చటించాలనుకున్నాను.

మా మైదుకూరు పక్క ఎండాకాలంలో చింతపండు కొట్టేటప్పుడు పిక్కలకు కరువుండదు. పీట లేకపోయినా నేలమీద ఏడేసి గుంటలు రెండు వరసలు తవ్వుకుంటే చాలు. గుంటకు ఐదేసి చొప్పున డెబ్భై పిక్కలు. ఒక గుంటలోవి తీసి, పక్క గుంటల్లో ఒక్కొక్కటే వేసుకుంటూ పోవాలి. చేతిలోవి అయిపోగానే తరువాతి గుంటలోవి తీసుకుని సాగాలి. ఆ గుంట ఖాళీగా ఉందనుకోండి, దాన్ని వేలితో తుడిచి, దాని పక్క గుంటలోవన్నీ ఒళ్లో పోసుకోవచ్చు. తరువాత వంతు ఎదుటివారిది. ఎక్కడ మొదలుపెడితే ఖాళీ గుంట ముందు ఆగుతామో మనసులోనే లెక్క వేసుకోవాలి. పిల్లలకు ఇంతకంటే మంచి లెక్కల పాఠం ఏముంటుంది చెప్పండి?

ఈ ఆట మనదొక్కటే కాదండోయ్! తమిళులు పల్లాంగుళి అంటారు, కన్నడిగులు అళిగుళి మణె అంటారు. ఫిలిప్పీన్సులో సుంగ్కా. పసిఫిక్ సముద్రం నడుమ ఉన్న గువామ్ దీవిలో చమోరో జాతివారు దీనివంటి ఆటనే చోంకా అంటారు, గవ్వలతో ఆడతారు. వారికీ వరసకు ఏడు గుంటలే. కాకపోతే గెలిచినవి దాచుకోవడానికి చివర్లలో పెద్ద గుంటలుంటాయి. మనకు ఆ పని ఒడి చేస్తుంది!

అయితే ఒక చిక్కుంది. మన పద్ధతులు ఇంటింటికీ వేరు. కొందరు గుంటకు నాలుగే వేస్తారు. ఆడుతుండగా గుంటలో నాలుగు చేరితే కొందరు తీసుకుంటారు, కొందరు తీసుకోరు. ఇవన్నీ మన అమ్మల, అవ్వల నోట్లోనే ఉన్నాయి. పీట అంగడిలో కొనుక్కోవచ్చు. అవ్వ ఆడిన పద్ధతి మాత్రం ఆమెతోనే పోతుంది.

అందుకని నా మాటగా ఒక్క పని చేయండి. ఈ సెలవుల్లో ఇంట్లో పెద్దామెను పీట ముందు కూర్చోబెట్టి, ఎదురుగా మనుమరాలిని కూర్చోబెట్టండి. మనుమణ్ణి కూడా, ఇది ఆడపిల్లల ఆటేనని ఎవరన్నారు? అవ్వ చెప్పే పద్ధతిని మీరు నోటుపుస్తకంలో రాసుకోండి. సెల్‌ఫోన్ ఉంటే ఆమె మాటలు అందులో పట్టిపెట్టండి. షోకేసులోని పీటను కాస్త కిందికి దించండి తల్లీ, పిక్కలు గలగలమననీయండి.

సెలవు.