ముష్టి గింజ పేర్లు

తెలుగున ముష్టి యను మాటకు మూడు అర్థములు కలవు. మొదటిది పిడికిలి. రెండవది పిడికిలిలో ఇమిడినంత గింజ, అనగా గుమ్మము ముందు నిలిచినవానికి వేయు పిడికెడు బియ్యము. ఈ అర్థమే వాడుకలో ప్రబలి, ముష్టివాడు, ముష్టెత్తుట అను మాటలు పుట్టి, తుదకు “ముష్టి పదిరూపాయలు” అను ఈసడింపు వరకు దిగజారినది. మూడవది మన అడవులలో పెరుగు ఒక చెట్టు. ముషిణి యనియు, ముసిడి యనియు దానికే పల్లెలలో పేర్లు. పట్టణములలో పుట్టి పెరిగిన వారిలో పెక్కుమందికి ఈ మూడవ అర్థము తెలియదు. తెలియకపోయినను వారి ఇండ్లలో ఆ చెట్టు గింజ వేరొక పేరుతో చిన్న సీసాలో ఉండవచ్చును. ఆ గింజను గూర్చియు, అంతకంటె ముఖ్యముగా దానికి మనుష్యులు పెట్టిన పేర్లను గూర్చియు నాలుగు మాటలు చెప్పదలచినాము.

చెట్టు నడితరపుది. ఆకు నున్నగా నిగనిగలాడుచుండును. కాయ పండినప్పుడు చూచువారికి నారింజపండే యని భ్రాంతి కలుగును. లోపల తెల్లని జిగట గుజ్జు, ఆ గుజ్జులో చొక్కా బొత్తాములవలె గుండ్రనివి, చదునైనవి, బూడిదవన్నె గింజలు. గింజపై పట్టువంటి సన్నని నూగు మెరయుచుండును. ఇంత అందమైన గింజ నాలుకకు తగిలినచో ఆ చేదు ఎంతసేపటికిని వదలదు. తమిళులు ఈ చెట్టును ఎట్టి యందురు. చేదునకు మనము వేపను చెప్పుకొన్నట్లు వారు ఎట్టిని చెప్పుకొందురు.

ఆ చేదునకు కారణములైన క్షారములలో ముఖ్యమైనవి రెండు: స్ట్రిక్నిన్, బ్రూసిన్. వీనిలో స్ట్రిక్నిన్ ప్రసిద్ధమైన ఉత్తేజకము. అయితే ఉత్తేజకమన్న మాటను ఇచ్చట కొంత జాగ్రత్తగా గ్రహింపవలెను. మన వెన్నుపాములో కండరములను కదలించు నాడీకణములు కొన్ని, ఆ కదలిక మితిమీరకుండ అదుపుచేయునవి కొన్ని ఉన్నవి. అదుపుచేయునవి గ్లైసిన్ అను పదార్థము ద్వారా తమ పని నెరవేర్చును. స్ట్రిక్నిన్ ఆ గ్లైసిన్ చేరవలసిన చోటును తాను ఆక్రమించి అదుపును తొలగించును. గుఱ్ఱమును కొరడాతో అదలించుట వేరు, కళ్ళెము తెంచివేయుట వేరు, ఇది రెండవదానివంటిది. అత్యల్పముగా ఇచ్చినప్పుడు చేదు వలన ఆకలి పుట్టినట్లును, ఇంద్రియములు చురుకైనట్లును తోచును. కొంచెము మించినచో చిన్న చప్పుడునకే ఒడలు విల్లువలె వంగి ఈడ్పులు వచ్చును. రోగికి స్పృహ తప్పదు. తనకేమి జరుగుచున్నదో తెలియుచునే యుండును. ఊపిరి కండరములు బిగిసి ప్రాణము పోవును. ఒక్క గింజ పొడియే ఇంతపని చేయగలదు. మందునకును విషమునకును నడుమ ఎడము చాల ఇఱుకైన ద్రవ్యములలో ఇది యొకటి.

మన ప్రాచీనులు పెట్టిన పేర్లలో ఈ భయము దాగలేదు. సంస్కృతమున విషముష్టి, విషతిందుకము, కారస్కరము, కుపీలువు అను పేర్లున్నవి. తిందుకమనగా తుమికి. తుమికిపండు తినదగినది, ఇది తినరానిది. కావున ఇది విషపు తుమికి. అడవికి పోవు పిల్లవానికి ఈ రెంటి భేదమును చెప్పుటకు ఇంతకంటె మంచి పేరు మాకు తోచుట లేదు. కారస్కరమునకు దగ్గరగా కన్నడిగులు కాసరక యందురు. మలయాళమున కాంజిరము, కేరళలోని కాంజిరప్పళ్ళి యను ఊరిపేరు ఈ చెట్టునుండి వచ్చినదే యని చెప్పుదురు. హిందీలో కుచిలా, మన మూలికల అంగళ్ళలోను ఈ పేరు చెల్లును. మిక్కిలి పాత గ్రంథములందలి విషముష్టి యను మాట ఈ చెట్టునే చెప్పునా, మరియొక మూలికను చెప్పునా యను విషయమున పండితులలో ఏకాభిప్రాయము లేదు. నక్షత్రవనములలో మాత్రము విషముష్టిని అశ్వినీ నక్షత్రమునకు ఉద్దేశించి నాటుచున్నారు. అశ్వినులు దేవవైద్యులు. వారి నక్షత్రమునకు విషవృక్షమును కేటాయించిన వారి చమత్కారము మెచ్చదగినది.

ఇక ఈ గింజ పాశ్చాత్య నామము నక్స్ వామికా. లాటిన్‌లో దానికి వాంతికాయ యని అర్థము చెప్పుదురు. కాని ఈ గింజ ప్రధానగుణము వాంతి చేయించుట కాదు. మన ఆయుర్వేదములో వమనమునకు ముఖ్యద్రవ్యము మంగకాయ, అనగా మదనఫలము. యునానీ వైద్యులు ఈ మంగకాయను అరబ్బీలో జౌజుల్‌ఖై యందురు. దాని అర్థమును వాంతికాయయే. మన ముష్టిని వారు అజరాకీ యని వేరుగా పిలుతురు. అనగా ఒకే అర్థముగల పేరు అరబ్బీలో ఒక కాయకును, లాటిన్‌లో మరియొక గింజకును తగులుకొన్నది. వామికా యనగా లాటిన్‌లో పుండు, బొఱియ అని మరియొక అర్థము కలదనియు, గింజ నడుమనున్న గుంటను బట్టి ఆ పేరు వచ్చినదనియు కొందరు సమర్థింతురు. ఏది యెట్లున్నను, పేరును నమ్మి వాంతి మందుగా దీనిని పుచ్చుకొన్నవాని గతి ఏమగునో చెప్పనక్కరలేదు.

శాస్త్రనామమును ఇట్టిదే. స్ట్రిక్నోస్ అని గ్రీకులు పిలిచినవి వేరు మొక్కలు, మనము పప్పులో వేసికొను కామంచి వర్గమునకు చెందినవి. 1753లో లిన్నేయస్ ఆ పాతపేరును తెచ్చి ముష్టి చెట్టునకు తగిలించెను. ఈ ముష్టికి ఒక తోబుట్టువు కలదు: ఇండుపచెట్టు. దాని గింజను చిల్లగింజ యందురు, సంస్కృతమున కతకము. బురదనీటి కుండలోపల ఆ గింజను అరగదీసినచో మడ్డి అడుగునకు దిగి నీరు తేరుకొనును. నీటిని తేర్చు ఈ గింజయు, ప్రాణమును తీయు ఆ గింజయు ఒకే కుటుంబపు పేరుతో వ్యవహరింపబడుచున్నవి.

ఇంతవరకు చెప్పినవి మాటల పొరపాట్లు. బెరడుల విషయమున పొరపాటు ప్రాణములమీదికి వచ్చినది. దక్షిణ అమెరికానుండి అంగొస్తురా యను చేదు బెరడు జ్వరములకు మందుగా యూరపునకు దిగుమతి యగుచుండెడిది. 19వ శతాబ్ది తొలినాళ్ళలో ఆ పేరుతో వచ్చిన సరకులో ముష్టిబెరడు కలిసిపోయినది. అది పుచ్చుకొన్నవారిలో విషలక్షణములు కనబడెను. దానితో అసలు అంగొస్తురాకును పరువు పోయినది. వైద్యులు ఆ దొంగబెరడు ఏ చెట్టుదో తెలియక, అబిసీనియాలోని బ్రూసియా యను పొదదని తలచిరి. పెల్లెటియే, కావెంటూ అను ఫ్రెంచి రసాయనజ్ఞులు 1818లో స్ట్రిక్నిన్‌ను వేరుచేసినవారు. వారే 1819లో ఈ దొంగబెరడునుండి రెండవ క్షారమును తీసి, ఆ పొదపేరు మీదుగా బ్రూసిన్ అని నామకరణము చేసిరి. బ్రూసియా పొదలో బ్రూసిన్ లేదు! తప్పు బయటపడినను పేరు మాత్రము ఈనాటికిని మారలేదు.

ఇట్టి కథయే మన దేశమునను జరిగినది. దానిలో మన తెలుగు మాటకును చోటు కలదు. ఉత్తర సర్కారులలో ఉద్యోగించి, సామర్లకోటలో వృక్షోద్యానమును నడపిన విలియం రాక్స్‌బర్గ్, మన సోమిద చెట్టు బెరడు జ్వరమును తగ్గించుననియు, విదేశపు సింకోనా బెరడునకు బదులు పనికివచ్చుననియు ప్రచారము చేసెను. తరువాతి శాస్త్రజ్ఞులు తెలుగు పేరునే నిలిపి ఆ చెట్టునకు సోయ్‌మిడా యని పేరుంచిరి. హిందీలో దానినే రోహన్ యందురు. 19వ శతాబ్దపు పూర్వార్ధమున కలకత్తా బజారులో రోహన్ బెరడు పేరిట అమ్ముచున్నది ముష్టిబెరడని డాక్టర్ ఓషాగ్నెసీ కనిపెట్టెను. జ్వరమునకు మందు అడిగినవానికి అంగడివాడు విషమును పొట్లము కట్టి యిచ్చుచుండెను. అంగడివాడు మోసగాడు కానక్కరలేదు. ఎండి చితికిన బెరడుపై చెట్టు తన పేరు వ్రాసికొనదు గదా.

తరువాత వచ్చినది టానిక్కుల యుగము. ఇనుము, క్వినైన్, స్ట్రిక్నిన్ కలిపిన ఈస్టన్ సిరప్ 20వ శతాబ్ది నడుమ వరకు నీరసమునకు డాక్టర్లు వ్రాసి యిచ్చిన మందు. విషమని పేరుబడిన గింజ ఇట్లు బలమను పేరు దాల్చినది. 1904లో సెయింట్ లూయీ ఒలింపిక్ క్రీడలలో థామస్ హిక్స్ అను అమెరికను మారథాను పరుగెత్తుచు అలసి తూలగా, అతని వెంటనున్నవారు కోడిగ్రుడ్డు తెల్లసొనలో స్ట్రిక్నిన్ కలిపి ఇచ్చిరి. బ్రాందీ కూడ ఇచ్చిరి. అతడు 3 గంటల 28 నిమిషములకు పైగా పరుగెత్తి స్వర్ణపతకము గెలిచి కుప్పకూలెను. నాడు అది నిషిద్ధము కాదు. నేడు స్ట్రిక్నిన్ క్రీడలలో నిషేధింపబడిన ఉత్తేజకముల పట్టికలో నున్నది. 2016 రియో క్రీడలలో ఒక బరువుల పోటీదారు దీని మూలముననే కాంస్య పతకము పోగొట్టుకొనెను. ఈ నడుమ అగాథా క్రిస్టీ 1920లో తన మొదటి నవలలో స్ట్రిక్నిన్‌ను హత్యాసాధనముగా వాడెను. ఆమె అంతకుముందు ఆసుపత్రి మందులగదిలో పనిచేసిన మనిషి. టానిక్కు సీసాలో ఏమున్నదో ఎరిగియే వ్రాసెను.

నక్స్ వామికా యనగా తెలుగువారిలో చాలమందికి తెలిసినది హోమియో మందు. అజీర్ణమునకు, రాత్రి మేలుకొనుటవలని తలనొప్పికి రెండు మాత్రలు వేసికొమ్మని పొరుగింటివారు కూడ చెప్పగలరు. హోమియో వైద్యులు మరియొక అడుగు వేసి, కోపిష్ఠియై, తొందరపాటుతో, పనిలో మునిగియుండు మనిషిని “నక్స్ మనిషి” యని లక్షణీకరింతురు. చెట్టు పేరు గింజకు, గింజ పేరు మందుకు వచ్చి, తుదకు మనిషి స్వభావమునకు పేరైనది! ఇచ్చట మేము గట్టిగా చెప్పవలసిన సంగతి ఒకటి కలదు. ముప్పది యను సంఖ్యగల మాత్రలో మూలద్రవ్యము ముప్పదిసార్లు, ప్రతిసారి నూరవవంతుగా పలుచబడినది. రసాయనశాస్త్ర గణనము ప్రకారము అందులో గింజలోని అణువొక్కటియు మిగులు అవకాశము లేదు. కాని అదే అంగడిలో, అదే పేరుతో, మదర్ టించర్ అను సీసాయు దొరకును. అందులో నిజమైన ముష్టిసారము కలదు. పేరు చూచి, సంఖ్య చూడక, “ఇది మా ఇంట ఎప్పుడును వాడునదే” యని చుక్కలు పోసికొనుట ప్రమాదము.

ఆయుర్వేద వైద్యులు ఈ గింజను శుద్ధిచేయక వాడరు. గోమూత్రములో నానవైచి, పాలలో ఉడికించి, పైపొరను, లోపలి మొలకను తీసి, నేతిలో వేయించి పొడిచేయు పద్ధతులు శాస్త్రములలో నున్నవి. ఇట్లు చేయుటవలన క్షారములు కొంత తగ్గును గాని పూర్తిగ పోవు. అగ్నితుండీవటి, విషతిందుకవటి మొదలగు మందులలో ఇది చేరును. కనుకనే 1945 నాటి ఔషధ నియమములలో విషద్రవ్యముల పట్టికయందు, ఆయుర్వేదమున విషముష్టి యనియు, యునానీలో అజరాకీ యనియు దీనిని చేర్చిరి. ఇట్టి మందుల పెట్టెపై, వైద్యుని పర్యవేక్షణలో వాడవలెనను హెచ్చరిక తప్పక ముద్రింపవలెను. ఆ హెచ్చరిక ఏ భాషలలో ఉండవలెనని నియమము? ఇంగ్లీషు, హిందీ.

మా అభ్యంతరము ఇచ్చటనే. కీళ్ళనొప్పులకు, నరముల బలహీనతకు ఈ మాత్రలు కొను ముదుసలికి ఆ రెండు భాషలును రాకపోవచ్చును. ద్రవ్యముల పట్టికలో కుపీలు అనియో, కుచిలా అనియో ఉన్నది ఆమెకు అర్థము కాదు. ముష్టి యని యున్నచో ఆమె వెంటనే గుర్తించును. మేకల వెంట తిరిగిన నాడు ఏ చెట్టు కాయ ముట్టరాదో ఆమెకు తల్లి చెప్పియే యుండును. మన రాష్ట్రములలో మందులు తయారుచేయువారు పెట్టెపై “ఇందులో ముష్టిగింజ కలదు” అని తెలుగున ఒక పంక్తి అచ్చువేయుటకు ఏ నియమమును అడ్డురాదు. అట్టి పంక్తి వచ్చులోగా, పెట్టెపై విషముష్టి, విషతిందుకము, కారస్కరము, కుపీలు, కుచిలా, అజరాకీ, నక్స్ వామికా అను పేర్లలో ఏది కనబడినను అది ముష్టియేయని ఇంటిలో చదువుకొన్నవారు పెద్దలకు చదివి చెప్పవలెను. ఎవరైనను పొరపాటున గింజ పొడిగాని, మితిమీరిన మోతాదుగాని మ్రింగినచో, వారిని కుదుపక, చుట్టును కేకలు వేయక, వెలుతురును చప్పుడును తగ్గించి, ఆలస్యము చేయక ఆసుపత్రికి చేర్చవలెను. మందు పెట్టెను కూడ వెంట తీసికొనిపోవలెను.