ప్రేక్షకులే నిర్మాతలైన చలనచిత్రము
(రజతోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠము)



ఇరువదియైదు సంవత్సరములుగా ఊరివారందరు తలా కొంత చందా వేసికొని నిలుపుకొన్న గ్రంథాలయమిది. దీని రజతోత్సవమున నన్ను మాటాడుమని ఆదేశించినందులకు కృతజ్ఞుడను. పుస్తకముల పండుగలో ఒక సినిమా దర్శకుని గూర్చి చెప్పబూనుట కొందరికి వింతగా తోచవచ్చును. కాని, మీరు గ్రంథాలయమును నిలిపిన తీరుననే ఆయన తన చిత్రమును నిర్మించెను. ఆయన పేరు జాన్ అబ్రహాం; కేరళీయుడు.

1937లో జన్మించిన జాన్ కొంతకాలము జీవిత బీమా సంస్థలో ఉద్యోగము చేసి, దానిని విడిచి పూనాలోని చలనచిత్ర శిక్షణాలయమున చేరెను. వంగదేశపు దర్శకుడు ఋత్విక్ ఘటక్ అచ్చట ఆయనకు గురువు. పిమ్మట మణి కౌల్ తీసిన 'ఉస్కీ రోటీ' చిత్రమునకు సహాయకుడుగా పనిచేసెను. 1972లో తన మొదటి చిత్రమును తీసెను. జీవితకాలమున ఆయన తీసిన పెద్ద కథాచిత్రములు నాలుగే.

1977లో తమిళమున తీసినది 'అగ్రహారత్తిల్ కళుదై', అనగా 'అగ్రహారములో గాడిద'. తల్లిని కోల్పోయిన గాడిదపిల్లను ఒక కళాశాల ఆచార్యుడు చేరదీసి, తన స్వగ్రామమునకు చేర్చును. ఊరిలో కీడు జరిగిన నింద గాడిదపై పడును. తుదకు దానిని చంపివేయుదురు. చంపిన తరువాత ఏవో మేళ్లు కలిగినవని తలచి, దానికే గుడి కట్టవలెనందురు! ఆచార్యుని వేషము ధరించినవారు మన చిత్తూరులో పుట్టిన సంగీతజ్ఞులు ఎం.బి. శ్రీనివాసన్. ఉత్తమ తమిళ చిత్రముగా దీనికి జాతీయ బహుమానము లభించెను. కాని నిరసనలు చెలరేగుటచే, అది ప్రేక్షకులను చేరుట దుర్లభమయ్యెను.

ఇచ్చట మనకొక ప్రశ్న ఎదురగును. చిత్రము తీయుటకు డబ్బు కావలెను. డబ్బు పెట్టినవాడు లాభము కోరును. లాభము కోరినవాడు కథలో వేలు పెట్టును. వేలు పెట్టని డబ్బు ఎచ్చట దొరకును?

జనుల వద్ద దొరకునని జాన్ నమ్మెను. 1984లో కోళిక్కోడున మిత్రులతో కలిసి 'ఒడెస్సా' అను సంఘమును స్థాపించెను. వారు ఊరూర తిరిగిరి, వీధులలో నాటికలాడిరి, చాప్లిన్ తీసిన 'ది కిడ్' వంటి చిత్రములను చూపించి, జోలె పట్టి చిల్లర విరాళములు కూర్చిరి. ఆ డబ్బుతో 1986లో వెలువడినదే 'అమ్మ అరియాన్', అనగా 'అమ్మ తెలిసికొనుటకు'.

దాని కథ యిది. పురుషన్ అను యువకుడు వయనాడు నుండి ఢిల్లీకి బయలుదేరును. దారిలో ఉరిపడి మరణించిన ఒకని శవము కనబడును. ముఖము ఎరిగినదే, పేరు మాత్రము గుర్తురాదు. ప్రయాణము మానుకొని విచారింపగా, అతడు తబలా వాయించు హరి యని తెలియును. కొచ్చిలోనున్న హరి తల్లికి ఈ వార్త ఎవరు చెప్పవలెను? దారి పొడవున మిత్రులొక్కొక్కరే తోడగుదురు. ఆమె ముంగిటికి చేరునప్పటికి వారు ఒక గుంపగుదురు. ఈ వృత్తాంతమంతయు పురుషన్ తన తల్లికి వ్రాయు లేఖవలె సాగును. కల్పిత కథ నడుమ కేరళమున నిజముగా జరిగిన ప్రజాపోరాటముల దృశ్యములు వచ్చుచుండును. ఏది కథయో, ఏది వార్తయో చూచువాడే తేల్చుకొనవలెను.

ఈ చిత్రము సులభమైనది కాదు. పాటలు, హాస్యము కోరి కూర్చున్నవానికి విసుగు పుట్టవచ్చును. పల్లెజనుల సొమ్ముతో పల్లెజనులకు అందని చిత్రము తీయుట న్యాయమా యని అడుగువారు కలరు. అది అడుగదగిన ప్రశ్నయే. నాకు తోచిన సమాధానమిది. విరాళమిచ్చినవానిని జాన్ గిరాకీగా చూడలేదు. తనతో సమానముగా ఆలోచింపగల మనిషిగా చూచెను. మన గ్రంథాలయమున అందరు అడుగు నవలలు కలవు; ఏడాదికి ఒక్కరు మాత్రమే తీసికొను గ్రంథములును కలవు. ఆ ఒక్కని కొరకు బీరువాలో చోటుంచుటయే గ్రంథాలయ ధర్మము.

కాని ఈ కథలో మనము నేర్వవలసిన హెచ్చరిక కూడ కలదు. 1987 మే 31న జాన్ కోళిక్కోడున ఒక మేడపైనుండి పడి మరణించెను. అప్పటికి ఆయనకు ఏబది యేండ్లైనను నిండలేదు. జనుల విరాళములతో ఆయన మరియొక కథాచిత్రము తీయనేలేదు. వేలమంది ఇచ్చిన డబ్బైనను, మోసిన భుజము ప్రధానముగా ఒక్కటియే! గ్రంథాలయమునకును ఈ భయము కలదు. తాళపుచెవి ఎల్లకాలము ఒక్కరి చేతనే యుండరాదు. చందా పుస్తకము పట్టుకొని ఇల్లిల్లు తిరుగు పని యువకులకును, స్త్రీలకును నేటినుండియే అప్పగింపవలెను.

తుదకు ఒక మనవి. వీలు చూచుకొని ఒక సాయంకాలము ఈ హాలులోనే ఆ చిత్రమును ప్రదర్శింపుడు. ముగిసిన వెంటనే లేచిపోక, నచ్చినవారు నచ్చినదనియు, నచ్చనివారు నచ్చలేదనియు చెప్పి వాదించుకొనుడు. ఆ వాదము జరిగిననాడు జాన్ పట్టిన జోలెలో మన ఊరి కాసు కూడ పడినట్లే.