పేరు పిలిచినప్పుడు పలుకని కేసు
(న్యూఢిల్లీలో శాఖా కార్యదర్శుల సమావేశమున చేసిన ప్రసంగ పాఠము)



ఇక్కడ కోపర్నికస్ మార్గ్‌లోని కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్ ప్రిన్సిపల్ బెంచి ముందు మన ఉద్యోగి అర్జీ రెండు విధములుగా ఓడిపోవచ్చును. వాదనలు విని న్యాయము లేదని కొట్టివేయుట ఒకటి. పేరు పిలిచినప్పుడు ఎవరును పలుకనందున కొట్టివేయుట రెండవది. మొదటి దానిలో కారణములైనను వ్రాయబడి యుండును. వాటిపై పైకోర్టుకు పోవచ్చును. రెండవ దానిలో ఉండునది ఒకటి రెండు వాక్యములే. సీనియారిటీ ఏమైనది, ఆగిన ఇంక్రిమెంటు ఏమైనది అన్న ప్రశ్న అట్లే మిగిలిపోవును.

1987 నాటి విధాన నియమావళిలోని 15వ నియమము ఈ విషయమును చెప్పుచున్నది. అర్జీదారు హాజరు కానిచో ట్రిబ్యునల్ అర్జీని కొట్టివేయవచ్చును, లేదా గుణదోషములను విచారించి తీర్పు ఈయవచ్చును. కొట్టివేసినచో ముప్పది రోజులలో తగిన కారణము చూపి పునరుద్ధరణ కోరవలెను. ఈ ముప్పది రోజులు కొట్టివేసిన తేదీ నుండియే గాని, మనకు తెలిసిన తేదీ నుండి కాదు. క్రొత్తగా అర్జీ వేయుదమన్నచో, చట్టము 21వ సెక్షనులోని ఏడాది గడువు అప్పటికి ఎన్నడో దాటియుండును.

కారణములు మనకు తెలియనివి కావు. గార్డు లైనుపై ఉండును. ఆర్.ఎం.ఎస్. ఉద్యోగి రాత్రి డ్యూటీలో ఉండును. ఘజియాబాదు నుండి బదిలీ అయినవాడు క్రొత్త చిరునామా వకీలుకు తెలుపడు. ఊరందరి ఉత్తరములు చేరవేయు తపాలా ఉద్యోగికి తన కేసు ఉత్తరమే చేరకపోవుట చూచినప్పుడు నవ్వవలెనో ఏడ్వవలెనో తెలియదు.

"తప్పు వకీలుది గదా" అని కొందరు అడుగుచున్నారు. 1981లో రఫీక్, మున్షీలాల్ కేసులో సుప్రీంకోర్టు, తాను చేయవలసినదంతా చేసిన కక్షిదారుడు వకీలు గైర్హాజరు వలన నష్టపోరాదని చెప్పి అప్పీలును పునరుద్ధరించినది. ఆ కక్షిదారుడు గ్రామీణుడు. అయితే 1993లో సలీల్ దత్తా కేసులో అదే కోర్టు, వకీలు కక్షిదారుని ప్రతినిధియేననియు, 1981 తీర్పు అన్ని సందర్భములకు వర్తించదనియు చెప్పి, ఒక కంపెనీ మొరను త్రోసిపుచ్చినది. నిత్యము రూల్సు పుస్తకము చేతబట్టి పనిచేయు స్టేషన్ మాస్టరును కోర్టు ఈ ఇద్దరిలో ఎవరి ప్రక్కన నిలుపునో మీరే ఊహింపుడు. 1981 తీర్పును నమ్ముకొని నిద్రించుట క్షేమము కాదని నా అభిప్రాయము.

సంఘము వేసిన ఉమ్మడి కేసులకు ఈ ప్రమాదము మరింత ఎక్కువ. బాధితుడు ఒక్కడైనను అర్జీలో చేరవలెనని నియమము. ఆ ఒక్కడు పదవీ విరమణ చేసి స్వగ్రామము చేరును. కేసు అందరిదై, ఎవరిదీ కాకపోవును.

కొట్టివేత జరిగినచో ఆనాటి డ్యూటీ చార్టు నకలు గాని, ఆసుపత్రి సిక్ సర్టిఫికెట్టు గాని వెంటనే సంపాదింపుడు. వకీలు రాలేకపోయిన దినమున అర్జీదారు స్వయముగా నిలిచి వాదించుకొనుటకు 23వ సెక్షను హక్కు ఇచ్చుచున్నది. కనీసము వాయిదా కోరవచ్చును.

ప్రతి శాఖ ఒక కేసుల రిజిస్టరు తెరవవలెను. అర్జీ నంబరు, వాయిదా తేదీ, వకీలు పేరు, అర్జీదారు ప్రస్తుత చిరునామా అందులో ఉండవలెను. దాని నకలును వచ్చే నెలలోగా సమాఖ్య కార్యాలయమునకు పంపగోరుచున్నాను.