స్ఫటికం పక్కన మందారం



స్ఫటికాల చుట్టూ లోకాలను కల్పించే కథలు, సినిమాలు, వీడియో ఆటలు ఈ రోజుల్లో చాలా వస్తున్నాయి. ఆ లోకాల్లో స్ఫటికానికి శక్తి ఉంటుంది, జ్ఞాపకం ఉంటుంది, కొన్నిచోట్ల ప్రాణమే ఉంటుంది. మన దేశపు తాత్త్వికులు కూడా స్ఫటికం గురించి శతాబ్దాల పాటు వాదించుకున్నారు. అయితే వాళ్ళు దానికి ఏ మహిమనూ అంటగట్టలేదు. ఒక స్ఫటికం, దాని పక్కన ఒక ఎర్రని మందార పువ్వు. వాళ్ళకు ఇవి చాలు. వీటితో వాళ్ళు అడిగిన ప్రశ్న ఏమిటి, దానికి ఎన్ని సమాధానాలు వచ్చాయి అన్నదే ఈనాటి ప్రసంగ విషయం.

స్వచ్ఛమైన స్ఫటికానికి రంగు లేదు. పక్కన మందారం పెడితే అది ఎర్రగా కనిపిస్తుంది. పువ్వు తీసేస్తే ఎరుపు పోతుంది. మరి ఎర్రగా కనిపించినంతసేపూ ఆ ఎరుపు ఎవరిది? స్ఫటికం స్థానంలో మనిషిని, ఎరుపు స్థానంలో కోపాన్ని పెట్టి చూడండి. ‘నాకు కోపం వచ్చింది’ అంటాం. ఆ కోపం నిజంగా నాదేనా? ఇది పండితుల కాలక్షేపం కాదు. మనిషి మారగలడా లేదా అన్నది ఈ జవాబు మీద ఆధారపడి ఉంది.

సాంఖ్యులు ఎరుపు స్ఫటికానిది కాదన్నారు. వారి దృష్టిలో పురుషుడు కేవలం సాక్షి. సుఖదుఃఖాలు ప్రకృతి నుంచి పుట్టిన బుద్ధికి చెందినవి. స్ఫటికానికి రంగు అంటలేదు, అంటిందన్న అభిమానం మాత్రమే ఉంది అని సాంఖ్యసూత్రాలు చెబుతాయి. శంకరాచార్యులు కూడా బ్రహ్మసూత్ర భాష్యంలో ఈ ఉపమానాన్ని వాడారు. పక్కనున్న ఉపాధి వల్ల రంగు కనిపించినా స్వచ్ఛమైన స్ఫటికం అస్వచ్ఛం కాదని, ఆత్మ కూడా అంతేనని ఆయన వాదం.

యోగసూత్రాలు ఇదే ఉపమానాన్ని మరోవైపు తిప్పాయి. వృత్తులు క్షీణించిన చిత్తం మేలుజాతి మణి వంటిదని, ఎదుట ఏది ఉంటే దాని ఆకారాన్ని పొందుతుందని పతంజలి అన్నాడు. ఇక్కడ రంగు పట్టడం దోషం కాదు, ఏకాగ్రతకు గుర్తు. మురికి పట్టిన రాయిలో ఏ రంగూ సరిగా కనిపించదు కదా!

న్యాయసూత్రాల మూడో అధ్యాయంలో ఇదే స్ఫటికం మీద గట్టి వాదం నడుస్తుంది. బుద్ధి ఒక్కటే, పక్కనున్న వస్తువులను బట్టి స్ఫటికంలాగా వేరువేరుగా తోస్తుంది అని ఒక పక్షం. దానికి క్షణికవాది అడ్డు తగులుతాడు. అసలు ఆ స్ఫటికమే నిలకడగా లేదు, క్షణక్షణానికీ కొత్తది పుడుతోంది అంటాడు. అంటే రంగు తీసేశాక మిగిలే శుద్ధమైన రాయి అంటూ ఏదీ లేదన్నమాట. నైయాయికులు దీన్నీ ఒప్పుకోలేదు. దేహంలో పెరగడం, తరగడం కనిపిస్తాయి కనుక అక్కడ మార్పును ఒప్పుకుందాం, రాయిలో అలా కనిపించదు కనుక అక్కడ ఒప్పుకోనక్కరలేదు అన్నారు. కనిపించినంత మేరకే అంగీకరించాలి అన్నది వారి పద్ధతి.

జైనాచార్యుడు కుందకుందుడు ప్రాకృతంలో రాసిన సమయసారంలోనూ స్ఫటికం ఉంది. ఆయన అనంతపురం జిల్లాలోని కొనకొండ్లకు చెందినవాడని సంప్రదాయం. స్ఫటికం తనంతట తాను ఎరుపెక్కదు, ఇతర ద్రవ్యాల వల్ల ఎరుపెక్కుతుంది, జ్ఞాని విషయంలో రాగద్వేషాలూ అంతే అని ఆయన చెప్పాడు. వ్యాఖ్యాత అమృతచంద్రుడు దీనికి ఒక ముఖ్యమైన మాట చేర్చాడు. స్ఫటికానికి పరిణామం చెందే స్వభావం ఉంది అన్నాడు. ఈ మాట తేలికైనది కాదు. పక్కన మందారం పెడితే మట్టిగడ్డ ఎర్రబడదు, స్ఫటికమే ఎర్రబడుతుంది. అంటే పువ్వుతో పాటు రాయికీ అందులో పాత్ర ఉంది.

ఇప్పుడు మన ఇళ్ళలోకి వద్దాం. ఒక పిల్లవాడు తరగతిలో వెనకబడతాడు. ‘వీడు మొద్దు’ అని ఇంట్లో, బడిలో ముద్ర వేస్తాం. పువ్వును జరిపి చూడకుండానే రంగు రాయిదేనని తీర్పు చెప్పేశాం. పక్కన ఉన్నది ఆకలా, భయమా, అర్థంకాని భాషా అని చూడలేదు. దీనికి ఎదురు పొరపాటు కూడా ఉంది. ఇంట్లో వాళ్ళ మీద చేయిచేసుకుని, ‘అది నేను కాదు, నా కోపం’ అనేవాడు రంగునంతా పువ్వు మీదికి నెట్టేస్తున్నాడు. సాక్షి అనే మాట సాకుగా మారకూడదు. దెబ్బ తిన్నవారికి ఆ ఎరుపు నిజమే.

చివరగా విజ్ఞానశాస్త్రం చెప్పే ఒక సంగతి. స్ఫటికం అంటే క్వార్ట్జ్, సిలికాన్, ఆక్సిజన్ల కూర్పు. అందులో కొద్దిగా ఇనుము చేరి, భూమిలోని సహజ రేడియోధార్మికత సోకితే ఊదారంగు అమెథిస్ట్ తయారవుతుంది. దాని పక్కన ఏ పువ్వూ లేదు, రంగు లోపలికే చేరింది. మనిషిలో కూడా కొన్ని రంగులు ఇలా లోపలికి దిగిపోతాయి. కానీ ఆ రాయిని 400 నుంచి 500 డిగ్రీల సెల్సియస్ దాకా వేడిచేస్తే ఊదారంగు పోతుంది, చాలా రాళ్ళు పసుపు రంగుకు తిరుగుతాయి. లోపల ఉన్నంత మాత్రాన అది మారనిది కాదు. అయితే దానికి పువ్వును జరిపితే సరిపోదు, వేడి కావాలి.

ఎవరినైనా ఒక రంగుతో పిలిచేముందు రెండు సంగతులు చూడండి. పక్కన ఉన్నదేమిటి? లోపలికి చేరినదేమిటి? ఇతరుల విషయంలో మొదటి ప్రశ్నను, మన విషయంలో రెండో ప్రశ్నను ముందుగా అడగగలిగితే, ఆ పాత వాదాలు మనకు కొంత ఉపయోగపడినట్టే.