గంప పక్కన ఒక పలక
(పూర్వ విద్యార్థుల సంఘం స్వర్ణోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఉద్యోగరీత్యా చూసిన దేశాల గురించి నాలుగు మాటలు చెప్పమని కార్యదర్శి గారు అడిగారు. నాది శీతల యంత్రాల పని. ఐస్ ఫ్యాక్టరీలు, కోల్డ్ స్టోరేజీలు, రొయ్యల ప్లాంట్లలో ఫ్రీజర్లు, వీటి చుట్టూనే ముప్పై ఏళ్ళు గడిచాయి. అందుకని జపాన్ వెళ్ళినా నేను బుల్లెట్ రైలు గురించి చెప్పను, చేపల బజారు గురించి చెబుతాను. గోదావరి జిల్లాల వాళ్ళ సభలో భోజనాలకి ముందు చేపల మాట ఎత్తితే ఎవరూ నిద్రపోరని నా ధైర్యం.

2019 నవంబరులో కంప్రెసర్ల పని మీద టోక్యో వెళ్ళాను. ఒక శనివారం ఖాళీ దొరికితే, త్సుకిజి బజారులో తిండి నడక ఉంటుందని విని డబ్బు కట్టి చేరాను. పది మందిని పోగుచేసి ఒక గైడు మూడు గంటలసేపు సందుల్లో తిప్పుతుంది. చూపిస్తూ, చెబుతూ, మధ్యమధ్య కొంచెం కొంచెం తినిపిస్తుంది.

ఆ బజారుకి పెద్ద చరిత్రే ఉంది. టోక్యో పాత చేపల బజారు నిహొన్‌బాషి అనే చోట ఉండేది. 1923 భూకంపంలో అది పోయింది. తరువాత 1935లో త్సుకిజిలో కొత్త మార్కెట్ కట్టారు. 2018 అక్టోబరులో టోకు వ్యాపారమూ, వేలంపాటలూ టొయొసు అనే కొత్త చోటికి వెళ్ళిపోయాయి. బయటి వీధుల్లోని చిల్లర కొట్లు మాత్రం పాత చోటే నిలిచాయి. సుమారు 400 కొట్లు. ఇద్దరు ఎదురైతే ఒకరు పక్కకి ఒదగాల్సినంత ఇరుకు సందులు.

గైడుగా వచ్చినావిడకి అరవై దాటి ఉంటాయి. ముందుగా చెప్పిన మాట, నడుస్తూ తినకూడదని. కొన్న కొట్టు ముందే నిలబడి తిని, పుల్లా కాగితమూ ఆ కొట్టాయనకే తిరిగి ఇచ్చి కదలాలి. ఆ ఒక్క కట్టుబాటుతో అంత రద్దీ బజారులోనూ కాలికింద చెత్త లేదు. పైగా తింటున్నంతసేపూ వండినవాడి మొహం చూస్తూ ఉంటాం.

పంచదార కలిపి పొరలు పొరలుగా చుట్టిన కోడిగుడ్డు అట్టు పుల్లకి గుచ్చి ఇచ్చారు. పెద్ద ఆలిచిప్పల్ని చిప్పతోనే నిప్పు మీద కాల్చి, సోయా చుక్కలు వేసి ఇచ్చారు. ఇంకో కొట్లో కట్టెలా ఎండిన చేప చూపించారు. రెండు ముక్కలు కొట్టుకుంటే కర్రల చప్పుడే. దాన్ని వడ్రంగి చిత్రిక పట్టినట్టు పల్చగా తీసి, ఆ పొట్టుతో చారు కాస్తారు. వాసన చూడగానే నాకు మన ఎండు రొయ్యల పొట్టు గుర్తొచ్చింది. పచ్చి చేప ముక్క కూడా తిన్నాను. ఈ సంగతి మా ఆవిడకి ఇవాళే తెలుస్తోంది.

అయితే నన్ను కట్టిపడేసింది తిండి కాదు, అట్టముక్కలు. ప్రతి చేప దగ్గరా చేత్తో రాసిన చిన్న అట్ట ఉంది. ఏం రాశారని అడిగాను. ఆవిడ ఒక్కొక్కటీ చదివింది. ఈ ఆలిచిప్ప హొక్కైదోది. ఆ గుల్ల హిరోషిమాది. తాజా చేప ఎక్కడిదో రాసి తీరాలని అక్కడ 2000 నుంచీ నిబంధన ఉంది. వాళ్ళ దేశపు చేపైతే పట్టిన సముద్రం పేరో, జిల్లా పేరో రాయాలి. బయటి సరుకైతే దేశం పేరు రాస్తే చాలు. కొట్టువాడు ఆ పేరుతో ఆగడు. ఏ కాలంలో బాగుంటుంది, ఏ ముక్క ఎలా వండాలి, అన్నీ చెబుతాడు. గైడు వినయంగా నిలబడి, పాఠం చెప్పే మాస్టారి మాట విన్నట్టు విని, మాకు తిరిగి చెబుతుంది.

ఓ మూల టైగర్ రొయ్యలున్నాయి. వాటి అట్ట చదవమన్నాను. “ఇండో” అంది. అంటే ఇండియా. అంతే. పక్కనున్న ఆలిచిప్పకి ఊరుంది, మన రొయ్యకి దేశం మాత్రమే ఉంది.

ఆ రొయ్య వెనక కథ ఈ సభలో చాలామందికి తెలుసు. 1990ల మొదట్లో వరిచేలు చెరువులైనప్పుడు మన టైగర్ రొయ్యకి పెద్ద గిరాకీ జపాన్‌దే. 1994 ప్రాంతంలో తెల్లమచ్చ రోగం వచ్చి చెరువులకి చెరువులు తుడిచిపెట్టుకుపోయాయి. 2009లో వనామీ పెంపకానికి అనుమతి వచ్చాక మళ్ళీ కోలుకున్నాం, ఈసారి పెద్ద కొనుగోలుదారు అమెరికా. 2025 ఆగస్టులో ఆ దేశం మన సరుకుల మీద సుంకం 50 శాతానికి పెంచేసరికి భీమవరం చుట్టుపక్కల చెరువుగట్ల మీద ఎవరికీ నిద్ర లేదు. రాత్రి ఏరియేటర్లు తిప్పి, మేత చూసుకుని, అప్పు చేసి పెంచిన సరుకుకి చివరికి మిగిలే గుర్తింపు కౌంట్. కిలోకి ముప్పైయా, యాభైయా, వందా. పేరు లేని సరుకు ధర ఎప్పుడూ కొనేవాడి చేతిలోనే ఉంటుంది.

ఇక మన బజారు సంగతి. చెప్పడానికి మన దగ్గర ఏమీ లేదా? చాలా ఉంది. కాలమెరిగి తినడం జపాన్ వాళ్ళ గొప్ప అంటారు, మనకది పుట్టుకతో వచ్చింది. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా సముద్రంలో మరబోట్లకి వేట నిషేధం. తరువాత గోదావరికి ఎర్రనీరు తగిలితే పులస. సముద్రంలో ఇలస అనో విలస అనో పిలిచే చేప, వరద నీటికి ఎదురీది నదిలోకొచ్చాక పులస అవుతుంది. ధవళేశ్వరం దగ్గర ఆనకట్ట దాని దారికి అడ్డం. ఆ కాస్త దూరంలో, ఆ కాసిని వారాల్లో దొరికేదే మన పులస. పుస్తెలమ్మి అయినా పులస తినాలన్న సామెత ఊరికే పుట్టలేదు. మట్టి దాకలో, కట్టెల పొయ్యి మీద, బెండకాయలు వేసి, చివర్లో ఆవకాయ నూనె పోసి దించిన పులుసు మర్నాడు తినాలని మన ఇళ్ళలో ఎవరు చెప్పలేదు?

చలి మొదలయ్యాక యానాం వైపు చీరమీను. సూదుల్లాంటి పిల్లచేపల్ని పాత చీరలతో వడకట్టి పడతారు కాబట్టి ఆ పేరు. తూకం లేదు, గ్లాసులతోనూ తవ్వలతోనూ కొలిచి అమ్ముతారు. ఇవి కాక కొరమీను, పండుగప్ప, బొమ్మిడాయి, చందువా, వంజరం. ఒక్కొక్కదానికీ ఒక నీరు, ఒక కాలం, ఒక వంట.

ఇదంతా తెలిసినవాళ్ళెవరు? గంప ముందు కూర్చున్న ఆడవాళ్ళు. బయటినుంచి ఐసులో వచ్చిన ఇలసనీ, గోదావరి పులసనీ పక్కపక్కన పెడితే మనలో సగం మందిమి తేడా చెప్పలేం. ఆవిడ పొలుసు మెరుపు చూసి చెబుతుంది. కానీ అసలు పులస అమ్మే ఆవిడ మాటకీ, ఇలసని పులస అని అంటగట్టేవాడి మాటకీ బజారులో ఒకటే విలువ. నిజం చెప్పినవాళ్ళకి మిగిలేది అనుమానమూ, బేరమూ.

ఇంజనీరుగా ఇంకో సంగతి చెప్పాలి. మన సైన్సు మాస్టారు బోర్డు మీద రాయించిన గుప్తోష్ణం గుర్తుందా? గ్రాము ఐసు కరగడానికి 80 కేలరీలు. కిలో చేపని 30 డిగ్రీల నుంచి సున్నాకి దించడానికి సుమారు 25 కిలోకేలరీలు తీయాలి. కిలో ఐసు 80 పీల్చుకుంటుంది. కాగితం మీద మూడో వంతు ఐసు చాలు. కానీ మన ఎండా, గాలీ, తారురోడ్డు వేడీ తమ వాటా ముందే తీసుకుంటాయి. అందుకే కిలో చేపకి కిలో ఐసు అని మా వృత్తిలో లెక్క. ఐసుగడ్డ మీద చేపని పడుకోబెడితే సరిపోదు. పొడి ఐసు చుట్టూ కప్పాలి, కరిగిన నీళ్ళు కిందికి పోవాలి. దీనికి కావలసింది వేడి చొరని పెట్టె, అడుగున ఒక రంధ్రం, నెత్తిన నీడ. అది లేకనే మధ్యాహ్నం పన్నెండయ్యేసరికి ఆవిడ ధర తగ్గించుకుంటుంది. కొనేవాళ్ళకి చవక దొరికినట్టుంటుంది కానీ, ఆ తగ్గిన డబ్బు ఆవిడ కూలి.

మనతో చదివినవాళ్ళలో వేటకెళ్ళే ఇళ్ళ పిల్లలున్నారు. చేపల వాసన వస్తోందని తోటివాళ్ళు నవ్వితే తలదించుకున్నవాళ్ళు ఈ హాల్లోనూ ఉన్నారు. వాళ్ళలో కొందరు ఇవాళ పెద్ద ఉద్యోగాల్లో ఉన్నారు, సంతోషం. కానీ అమ్మ చేసిన పని ఒక విద్య అని వాళ్ళకి ఎవరూ చెప్పలేదు. టోక్యోలో చేపలమ్మే ఆయన మాట్లాడటం ముగించగానే మా పది మందీ తల వంచి నమస్కారం చేశారు. ఆయనకున్న విద్య మన బజారులోనూ ఉంది, ఆ నమస్కారం ఇంకా చేరలేదు.

స్వర్ణోత్సవ నిధితో ఏం చెయ్యాలని సంఘం మనల్ని అడిగింది. ఆర్చీ కట్టాలని కొందరన్నారు. కాదనను. దానితోపాటు మూడు పనులు మీ ముందు పెడుతున్నాను.

ఒకటి, ఏడాదికి మూడుసార్లు, శ్రావణంలో, కార్తీకంలో, సంక్రాంతి వెళ్ళాక, తొమ్మిదో తరగతి పిల్లలకి చేపల బజారు నడక. సైన్సు మాస్టారూ, సోషల్ టీచరుగారూ వెంట ఉంటారు. పాఠం మాత్రం గంప దగ్గరి అక్కలూ పిన్నులూ చెబుతారు. ఆ పూట వాళ్ళకి గౌరవ వేతనం ఇచ్చి తీరాలి. వ్యాపారం మానుకుని చెప్పే చదువు ఉచితంగా అడగకూడదు. చివర్లో బజారు పక్కనే వేడివేడి చేపల వేపుడు, కొన్నచోటే నిలబడి తినడం.

రెండు, మన ఊరి బజారులో కూర్చునేవాళ్ళకి మంచి ఐసు పెట్టెలు. నమూనా గీసి, చేయించి, పనిచేస్తోందో లేదో చూసే బాధ్యత నాది.

మూడు, ప్రతి గంప పక్కనా ఒక పలక. చేప పేరు, ఏ రేవులో దిగింది, ఏ పూట దిగింది. అంతర్వేదా, కాకినాడా, యానామా, ఊరి చెరువా, ఏదైతే అదే. అమ్మేవాళ్ళు చెబితే పిల్లలు రాస్తారు. పలక మీద అబద్ధం రాస్తే రేపు అదే పిల్లాడు ఎదురుగా ఉంటాడు కనుక, అబద్ధం తగ్గుతుంది. పేరు నిలబడితే ఏమవుతుందో మనకి తెలుసు. ఆత్రేయపురం పూతరేకులకి 2023లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. ఆ పేరు నిలబెట్టింది కూడా కుండ మీద రేకు తీసిన ఆడవాళ్ళే.

ఈ పలకలతో అమెరికా సుంకం తగ్గదు. పోయిన పులసలన్నీ తిరిగి రావు. కానీ మన నేల మీద, మన నీళ్ళలో పుట్టినదానికి ఊరు పేరు రాయడం మనమే మొదలుపెట్టకపోతే, ఎక్కడో దేశం పేరు ఒక్కటే రాసి ఊరుకున్నారని అడిగే హక్కు మనకి ఎలా వస్తుంది?

మొదటి నడక వచ్చే శ్రావణంలో పెట్టుకుందాం. పలకలకి డబ్బు ఎవరిస్తారో ఇవాళ భోజనాల దగ్గరే పేర్లు రాసుకుంటాను. మాస్టార్లు మాత్రం డబ్బు ఇవ్వనక్కర్లేదు, వచ్చి మా చేతిరాత దిద్దితే చాలు.