కేసు వాపసు తీసుకునే ముందు

(వార్షిక సభలో చేసిన ప్రసంగం)



మసీదు షాపు మీదనో, ఖబరస్తాన్ హద్దు మీదనో కేసు నడుస్తూ ఉంటుంది. పెద్దలు కూర్చొని రాజీ మాట ఎత్తుతారు. "ముందు కేసు తీసెయ్యండి, తరువాత చూసుకుందాం" అంటారు. సుల్హ్ మన దీన్ మెచ్చిన మార్గమే. కాని కేసు తీసెయ్యడంలో రెండు రకాలున్నాయి. ఊరకే వాపసు తీసుకోవడం ఒకటి, మళ్ళీ దావా వేసే హక్కు నిలుపుకొని తీసుకోవడం రెండోది.

సివిల్ ప్రొసీజర్ కోడ్ 23వ ఆర్డరు 1వ రూలు ప్రకారం, కోర్టు అనుమతి లేకుండా వాపసు తీసుకుంటే అదే విషయం మీద మళ్ళీ దావా వేయడానికి వీల్లేదు. వక్ఫ్ ట్రిబ్యునలుకు ఉన్నవీ ఈ కోడ్ అధికారాలే. హైకోర్టు రిట్లకూ ఈ సూత్రమే వర్తిస్తుందని సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో సుప్రీంకోర్టు 1986లో చెప్పింది. అయితే సివిల్ దావా వంటి ఇతర మార్గాలు అందువల్ల మూసుకుపోవని కూడా అన్నది.

అనుమతి అడగ్గానే దొరకదు. నోటీసు ఇవ్వకపోవడం వంటి లాంఛనమైన లోపమేదైనా దావాలో ఉండాలి, లేదా తగిన కారణం ఉన్నదని కోర్టుకు తోచాలి. వాదులు నలుగురుంటే, మిగతావారి సమ్మతి లేనిదే ఒక్కరికి అనుమతి ఇవ్వరు.

ఇంకొక చిక్కున్నది. అనుమతి దొరికినా, మొదటి దావా వెయ్యనే లేదన్నట్టు కాలపరిమితి లెక్కిస్తారు. అధికారం లేని కోర్టులో సద్బుద్ధితో, శ్రద్ధగా నడిపిన కేసుకు మాత్రం లిమిటేషన్ చట్టం 14వ సెక్షను కింద ఆ కాలాన్ని మినహాయించమని కోరవచ్చు.

మరి నిజంగా రాజీ కుదిరితే ఏం చెయ్యాలి? వాపసు ఎందుకు? షరతులు కాగితం మీద రాసి, ఇరుపక్షాలూ సంతకాలు చేసి, 3వ రూలు కింద కోర్టులో దాఖలు చేస్తే దాని ప్రకారమే డిక్రీ ఇస్తారు. మాటలు ఇంకా నడుస్తుంటే వాయిదా అడగండి.

ముతవల్లీలకు, కమిటీ మెంబర్లకు నా మనవి ఒక్కటే. సంతకం పెట్టే ముందు ప్లీడరు గారిని మూడు సంగతులు అడగండి: అనుమతి కోరారా? ఉత్తర్వులో ఆ మాట రాశారా? గడువు ఇంకా ఎన్నాళ్ళున్నది? ఉత్తర్వు నకలు తీసి ఫైలులో పెట్టండి. వక్ఫ్ ఆస్తి మన సొంతం కాదు, అమానత్. మన తరువాత వచ్చే కమిటీకి కోర్టు తలుపు మూసిపోకుండా చూడవలసిన బాధ్యత మనది.